మాల్‌ను ఖాళీగా ఉంచడం ఎలా?

అద్దెకిచ్చే స్థలం లెక్కన ప్రపంచంలోకెల్లా పెద్ద మాల్‌ను కట్టి, పదేళ్లపాటు దాదాపు ఖాళీగా నిలబెట్టడం అందరి తరం కాదు. చైనాలోని డాంగ్వాన్ వాళ్లు అది సాధించారు. 2005లో తెరిచిన ఆ న్యూ సౌత్ చైనా మాల్‌ను వైఫల్యం అనడం అన్యాయం.

పెట్టుబడి హూ గుయిరోంగ్‌ది. ఇన్‌స్టంట్ నూడుల్స్‌లో గడించిన సొమ్ము. పంట పొలాల్లో అద్దెకిచ్చే స్థలమే సుమారు 6.6 లక్షల చదరపు మీటర్లు లేపారు. ప్యారిస్, రోమ్, వెనిస్, ఈజిప్టు అంటూ ఏడు విభాగాలు. 25 మీటర్ల ప్యారిస్ విజయ తోరణం నకలు, గొండోలా పడవలు తిరగడానికి 2.1 కిలోమీటర్ల కాలువ, 553 మీటర్ల రోలర్ కోస్టర్. 2,350 దుకాణాలకు చోటు. ఇక మిగిలింది దుకాణదారులను అడగడమే! ఆలు లేదు చూలు లేదు, కొడుకు పేరు సోమలింగం అంటారు. ఇక్కడ సోమలింగానికి పడవలు కూడా కొనిపెట్టారు.

మామూలు బిల్డర్లు పిరికివాళ్లు. పునాది తవ్వకముందే ఏ సూపర్‌మార్కెట్‌నో, మల్టీప్లెక్స్‌నో బతిమాలి, తక్కువ అద్దెకు పెద్ద జాగా రాసిచ్చేస్తారు. వీటిని యాంకర్లంటారు. చెరో చివర ఒకటి పెడితే జనం ఆ కొస నుంచి ఈ కొసకు నడుస్తూ దారిలో చెప్పులూ, ఫోన్ కవర్లూ కొంటారు. చదరపు అడుగుకు గట్టి అద్దె కట్టేది ఆ చిన్న షాపులే. యాంకర్ల బెడద లేకపోతే పని సులువు: జనం వస్తేనే వస్తానని షాపువాడు, షాపులుంటేనే వస్తామని జనం. తెగించి వచ్చినవాడికి పక్క షట్టరు దిగితే బేరం పడిపోతుంది, నాలుగు నెలలకు అతనిదీ దిగుతుంది. ఏసీ, ఎస్కలేటర్లు, సెక్యూరిటీ ఖర్చు మాత్రం అలాగే ఉంటుంది; మెయింటెనెన్స్ పంచుకునేవాళ్లే తగ్గుతారు.

చోటు ఎంపికలోనూ దూరదృష్టి ఉంది, చాలా దూరం. ఊరి శివారు, దగ్గర్లో విమానాశ్రయం లేదు. డాంగ్వాన్ అంటే ఫ్యాక్టరీల ఊరు. లక్షల మంది వలస కార్మికులున్నారు నిజమే. కానీ వాళ్లు జీతంలో మిగిలింది ఇంటికి పంపుకుంటారు, గొండోలా ఎక్కరు. లెక్కల్లో జనాభా కనబడింది, వాళ్ల జేబు కనబడలేదు.

ఇంత శ్రమపడి నిలబెట్టిన ఖాళీని 2015 తర్వాత చేజేతులా పాడుచేశారు. మరమ్మతులు చేసి, మెల్లగా షాపులు నింపేశారు.