అసలు చిల్లులు అందంగా లేవట

గోడకు చిల్లు పడితే పూడ్చుకోవడం మన తాతల నాటి నుంచి ఉన్న ఆచారం. పూడ్చిన చిల్లుకు జానెడు దూరంలో, కొలత పెట్టి మరీ, కొత్త చిల్లు పొడవడం అనే నాగరికతను మాత్రం నేను పోయిన నెలలో హైదరాబాదు పుప్పాలగూడలో కళ్లారా చూశాను. ఆనాటి నుంచి నాకు వేరే విషయం మీద రాయబుద్ధి కావడం లేదు.

నా బావమరిది అక్కడ ఒక ఫ్లాటు కొనదలచాడు. "బావా, మీరు నాలుగు పుస్తకాలు చదివినవారు, ఒకసారి వచ్చి చూసి చెప్పండి" అని బతిమాలితే ఆదివారం భోజనం చేసి లంగర్‌హౌస్ నుంచి బయలుదేరాను. నలభై అయిదు అంతస్తుల ఆ కట్టడం నగరంలోనే తొలి బ్రూటలిస్టు (కాంక్రీటును ముడిగానే చూపించే బాణీ) నివాస శిఖరమని చేతికిచ్చిన బ్రోషరులో రాసి ఉంది. బ్రోషరు కాగితం కూడా ముతకగా, బూడిద రంగులో, కిరాణా కొట్టు పొట్లం మాదిరిగా ఉంది. ఆ ఒక్క పొట్లం ఖరీదుతో మా వీధి కొట్లో కిలో కందిపప్పు వస్తుందని నా అంచనా.

ఇక చిల్లుల సంగతి. కట్టుబడి పని తెలిసిన పాఠకులు ఈ పేరా దాటేయవచ్చు. నేటి హైదరాబాదులో ఎత్తయిన భవనాలు చాలావరకు మైవాన్ పద్ధతిలో లేస్తున్నాయి. అల్యూమినియం పలకలను ఎదురెదురుగా నిలబెట్టి నడుమ కాంక్రీటు పోస్తారు. పచ్చి కాంక్రీటు తోపుడుకు పలకలు విచ్చుకోకుండా గోడ మందం గుండా టైలు అనే పట్టీలు బిగిస్తారు. గోడ గట్టిపడి పలకలు విప్పాక, టైలు ఉన్న చోటల్లా చిల్లు మిగులుతుంది. జపాను వాస్తుశిల్పి టడావో ఆండో ఇలాంటి చిల్లులనే, 90 సెంటీమీటర్ల వెడల్పు, 180 సెంటీమీటర్ల పొడవు గల పలకకు ఆరు చొప్పున, దాచకుండా, కనబడేట్టు వదిలేసి లోకం చేత మొక్కించుకున్నాడు. గోడ ఎలా పుట్టిందో గోడే చెబుతుంది, ఇంకెవరూ చెప్పనక్కర్లేదు అన్నది ఆ వదిలేయడంలోని మర్మం.

పుప్పాలగూడలో జరుగుతున్నది వినండి. మైవాన్ వదిలిన అసలు చిల్లులను ముందుగా సిమెంటు కూరి మూసేస్తారు. దాని మీద రెండు చేతులు పుట్టీ పెడతారు. పుట్టీ ఆరిన తర్వాత, కాంక్రీటులా కనిపించే టెక్స్చరును ఆ కాంక్రీటు గోడకే పూస్తారు. పూత తడిగా ఉండగానే ఇనుప దువ్వెనతో గీతలు దువ్వుతారు, ఎందుకంటే యాభై, అరవై ఏళ్ల కిందట ఐరోపాలో చెక్క పలకల మధ్య పోసిన గోడల మీద చెక్క చారలు ఉండేవి కనుక. ఆ తర్వాత చిల్లులు పొడుస్తారు.

లాబీలో ఆ పని చేస్తున్న పాలమూరు మనిషి దగ్గర చాలాసేపు నిలబడ్డాను. పరంజా మీద గొంతుక్కూర్చుని, ఒక చేత్తో టేపు పట్టుకుని, గోడ మీద పెన్సిలుతో చుక్క పెట్టి, ప్లాస్టిక్ పైపు మూతను ఆ చుక్క మీద ఆనించి, బొటనవేలితో నొక్కి, అర చుట్టు తిప్పి, బయటికి లాగి, అంచున లేచిన పూతను చిటికెన వేలితో సర్దుతున్నాడు. బూరెకు పూర్ణం పెట్టే శ్రద్ధ ఆ చేతుల్లో ఉంది.

"ఇదేమిటి నాయనా?" అన్నాను.

"చిల్లు సార్."

"మరి ఆ పక్కన మూసేసి ఉన్నది?"

"అది గుడ చిల్లే సార్. అది పనిది. ఇది షోది."

వాస్తుశిల్పం మీద నేను చదివిన నాలుగు పుస్తకాలలో ఇంత స్పష్టమైన వాక్యం లేదు. ఒకటి వంకరపోతే ఏం చేస్తావని అడిగితే, ఇంజనీరు చూసి మొత్తం పలక గీకించి మళ్లీ పూయిస్తాడనీ, నిన్న పొద్దంతా అదే పని అయిందనీ చెప్పాడు. అసలు చిల్లులనే ఉంచుకోవచ్చు కదా అని సేల్స్ కుర్రవాణ్ణి అడిగితే, "అసలు చిల్లులు అందంగా ఉండవు సార్, క్లయింట్లు లీకేజీ అనుకుంటారు" అన్నాడు. ఈశాన్యం మూల మాత్రం చిల్లులు ఉండరాదని వాస్తు సిద్ధాంతిగారు సెలవిచ్చినందువల్ల, అక్కడ పొడిచిన దొంగ చిల్లులను తిరిగి పూడ్చారు. అంటే ఆ మూల ప్రతి గోడకూ రెండు తరాల చిల్లులు సమాధి అయి ఉన్నాయి. వెయ్యేళ్ల తర్వాత తవ్వి చూసే పురావస్తు శాఖవారు మన జాతి గురించి ఏమనుకుంటారో ఊహించలేను.

బ్రూటలిజం అంటే బ్రూటల్‌గా, రఫ్‌గా కనిపించడమని మా బావమరిది నాకు దారిలో బోధించాడు. ఆ మాట ఫ్రెంచివారు ముడి కాంక్రీటును పిలిచే 'బెతాన్ బ్రూ' నుంచి వచ్చింది. లె కార్బూజియే 1952లో మార్సే నగరంలో పూర్తి చేసిన నివాస భవనంలో కాంక్రీటును సెంట్రింగ్ విప్పినది విప్పినట్టే వదిలాడు. యుద్ధంలో ఇళ్లు కూలిన జనానికి తొందరగా, చవకగా ఇళ్లు కావలసిన కాలం అది. ముడి గోడే గొప్ప అయితే, ఉప్పల్‌లో 1994లో పైఅంతస్తు కోసం చువ్వలు ఆకాశానికి వదిలి, నేటి వరకూ బయటి గోడకు ప్లాస్టరింగు చేయించని మా మామగారికి ఏదో ఒక పద్మ పురస్కారం బాకీ ఉన్నట్టే. ఆ గోడలకు సిగ్గుపడి తన కాలేజీ స్నేహితులను ఒక్కసారైనా ఇంటికి పిలవని ఆయన పుత్రరత్నమే ఇవాళ అదే రంగు గోడకు కోట్లు పోయబోతున్నాడు.

సేల్స్ ఆఫీసు గోడ మీద నిలువెత్తు ఫొటో ఒకటి వేలాడుతోంది. లండనులోని ట్రెల్లిక్ టవర్. పశ్చిమ లండనులో గోల్‌బోర్న్ రోడ్డు చివర 1972లో పూర్తయిన 31 అంతస్తుల, 217 ఇళ్ల భవనం. దాని ఆకారం ఒకసారి చూసినవారు మరిచిపోరు: ఇళ్లన్నీ ఒక పలచని పొడవాటి దిమ్మెలో ఉంటాయి, లిఫ్టులు, చెత్త గొట్టాలు వగైరా పక్కనే విడిగా నిలబడిన సన్నని బురుజులో ఉంటాయి, మూడేసి అంతస్తులకు ఒక వంతెన ఆ రెంటినీ కలుపుతుంది. లిఫ్టు చప్పుడు, చెత్త జారే చప్పుడు పడక గదుల్లోకి రాకూడదని దాని శిల్పి ఎర్నో గోల్డ్‌ఫింగర్ అలా విడదీశాడు. జేమ్స్ బాండ్ కథల రచయిత ఒక ప్రతినాయకుడికి తగిలించిన పుణ్యాన ఆయన ఇంటిపేరు లోకానికంతటికీ తెలుసు.

ఆ భవనం ఎవరి కోసం కట్టారు? నగర పాలక మండలి అద్దె ఇళ్లలో ఉండే మామూలు జనం కోసం. దానికి ముందు తూర్పు లండనులో తాను కట్టిన 26 అంతస్తుల బాల్‌ఫ్రన్ టవర్‌లో గోల్డ్‌ఫింగర్ 1968లో భార్యతో సహా రెండు నెలలు పైఅంతస్తులో కాపురం పెట్టి, ఇరుగుపొరుగును ఇంటికి పిలిచి, షాంపేన్ పోసి, ఏం బాగుంది, ఏం బాగా లేదని అడిగి తెలుసుకున్నాడు. రెండు లిఫ్టులు చాలడం లేదని అక్కడే గ్రహించి, ట్రెల్లిక్‌కు మూడు పెట్టాడు. ట్రెల్లిక్ మొదట్లో దొంగతనాలతో, దౌర్జన్యాలతో చెడ్డపేరు తెచ్చుకుంది. ఎనభైలలో అక్కడివారు సంఘం పెట్టుకుని, కాపలా సాధించుకుని దాన్ని నిలబెట్టుకున్నారు. 1998లో ప్రభుత్వం రక్షిత కట్టడాల జాబితాలో చేర్చింది. (బాల్‌ఫ్రన్ నుంచి ఆ తర్వాత అద్దెదార్లను ఖాళీ చేయించి, బాగుచేసి, ప్రైవేటు ఫ్లాట్లుగా మార్చారు. కాబట్టి ఈ విద్యలో మనకు గురువులు లేకపోలేదు.)

"మాది కూడా అదే కాన్సెప్ట్ సార్" అని సేల్స్ కుర్రవాడు నమూనా భవనం మీద ఎర్ర లైటు తిప్పాడు. నిజమే, పక్కన సన్నని బురుజు ఉంది, మూడేసి అంతస్తులకు వంతెన ఉంది. అయితే ఇళ్లున్న దిమ్మెలో అయిదు లిఫ్టులు వేరే ఉన్నాయి, ప్రతి అంతస్తులోనూ ఆగుతాయి, వాటి లోపల అద్దాలు, సువాసన, సంగీతం ఉన్నాయి. మరి ఆ బురుజు దేనికి?

"సర్వీస్ టవర్ సార్. మెయిడ్స్, డ్రైవర్లు, డెలివరీ బాయ్స్, చెత్త, అన్నీ అందులోంచే. రెసిడెంట్లకు ఎక్కడా ఎదురుపడరు."

"మూడేసి అంతస్తులకే ఆగుతుందా?"

"ట్రెల్లిక్‌లో కూడా అంతే కదా సార్!"

ఇంతవరకు నవ్వుతూ వచ్చాను. ఇక్కడ నా వల్ల కాలేదు. అవును, ట్రెల్లిక్‌లో అంతే. అక్కడ అందరికీ అంతే. ఆ బురుజే ఇంటి యజమానిది, ఆ వంతెనే ఇంటికి వచ్చిన చుట్టానిది, ఆ మెట్లే పాలబుడ్డి తెచ్చేవాడివి. మనవాళ్లు ఆ నక్షాను ఎత్తుకొచ్చి, అందులోని మనుషులను మాత్రం వడగట్టారు. పనిమనిషి పెద్ద లిఫ్టు ఎక్కితే వెయ్యి రూపాయల జరిమానా అని మన నగరంలోనే వేలాడిన నోటీసు ఫొటో అందరి ఫోన్లలోనూ తిరిగింది. ఆ నోటీసు పెట్టినవారికి నలుగురూ చీవాట్లు పెట్టారు. ఆ చీవాట్ల నుంచి మా బిల్డరు నేర్చుకున్న పాఠం ఏమిటంటే, నోటీసు రాయకూడదు, కాంక్రీటులో పోసేయాలి. పోసినదానికి ఎవరూ ఫొటో తీయరు, తీసినా వాస్తుశిల్పం అనుకుంటారు. మీ పసివాణ్ణి ఎత్తుకుని లాలపోయడానికి పనికొచ్చే చేతులు, మీ నోట్లోకి పోయే అన్నం వండే చేతులు, లిఫ్టు మీట నొక్కితే మైల పడుతుందా? ఊరి బయట వేరే బావి, వేరే గ్లాసు పెట్టిన కాలం పోయిందని బడిపిల్లల చేత వ్యాసాలు రాయిస్తున్నాం. వేరే గ్లాసుకు ఇప్పుడు నలభై అయిదు అంతస్తుల ఎత్తు వచ్చింది, దాని మీద చిల్లులు పొడిచి కళ అంటున్నారు. మనకు సిగ్గు లేదు.

మళ్లీ పుప్పాలగూడకు వద్దాం, చుట్టుపక్కల కూడా చూడాలి కదా. 2006లో 86వ నంబరు జీవో వచ్చిన నాటి నుంచి మన నగరంలో ఇంత స్థలంలో ఇంత విస్తీర్ణమే కట్టాలన్న హద్దు లేదు. పక్కనున్న కోకాపేటలో 2023 ఆగస్టులో ఎకరం 100 కోట్ల 75 లక్షలకు వేలంలో పోయింది. గజానికి లెక్కేస్తే రెండు లక్షల ఎనిమిది వేల పైచిలుకు. ఈ చుట్టుపక్కల గుట్టలు సుమారు 250 కోట్ల సంవత్సరాల నాటి గ్రానైటు. సాయంత్రం అయిదింటికి ఈల వేస్తారు, మనుషులు పక్కకు తప్పుకుంటారు, జిలెటిన్ పేలుతుంది, గుట్టలో ఒక చెక్క రాలుతుంది. రాలిన రాయి క్రషరుకు పోయి కంకరగా, రోబో ఇసుకగా తిరిగి వస్తుంది. దానితో కాంక్రీటు పోసి, దాని మీద పుట్టీ పెట్టి, చివరికి రాయి రంగు పూస్తారు. గుట్ట ఉండిన చోట తోటలో ఒక పెద్ద గుండు కనిపిస్తే ప్రాణం లేచొచ్చి దగ్గరికి వెళ్లాను. తట్టి చూస్తే డొల్ల. ఫైబరుది. దాని లోపలి స్పీకరులోంచి కోయిల కూస్తోంది.

పడమటి వైపు ఇళ్లన్నిటికీ నేల నుంచి కప్పు దాకా అద్దమే, గండిపేట కనిపించాలని. 1908 వరదల తర్వాత మూసీని కట్టడి చేసి, ఊరికి నీళ్లిచ్చేందుకు 1920లో పూర్తి చేసిన ఆ చెరువును చూస్తూ, వేసవిలో ట్యాంకరు నీళ్లతో స్నానం చేయవచ్చు. మే నెలలో పడమటి ఎండ ఎలా ఉంటుందో ఈ ఊళ్లో పుట్టినవారికి చెప్పాలా? ముంబయిలో 1983లో కట్టిన కంచన్‌జంగా అపార్ట్‌మెంట్లలో ఇదే చిక్కు వచ్చింది: సముద్రపు గాలి, చూడచక్కని దృశ్యం పడమట, ఎండా వానా కూడా పడమటే. దాని శిల్పి పాత బంగళాల వరండాను తలచుకుని, రెండంతస్తుల ఎత్తున లోతైన తోట వసారాలు వదిలాడు. ఆ చార్లెస్ కొరియా 1930లో పుట్టింది మన సికింద్రాబాదులోనే. మన ఈసీఐఎల్ కార్యాలయానికి 1960లలో రూపమిచ్చిందీ ఆయనే. బ్రోషరులో లండను ఉంది, జపాను ఉంది, సికింద్రాబాదు లేదు. రెండంతస్తుల వసారా ఉంది గాని, దాన్ని అద్దంతో మూసి ఏసీ పెట్టారు.

నా అభిప్రాయమంతా విని, మా బావమరిది ఫ్లాటు ఖాయం చేసుకున్నాడు. ముప్పై ఎనిమిదో అంతస్తు. మొన్న ఫోను చేసి, "బావా, మీ ఇంట్లో చేసే ఆవిడ నమ్మకస్తురాలు, మధ్యాహ్నం పూట మాకు చేస్తుందేమో అడగండి, జీతం ఎక్కువే ఇస్తాం" అన్నాడు. ఆమె పదకొండేళ్లుగా మా ఇంట్లో చేస్తోంది. అడగడానికి నోరు రాలేదు గాని, ఎక్కువ జీతం వచ్చే మాట దాచడానికి నేనెవరిని? గిన్నెలు బోర్లిస్తుండగా అన్నీ చెప్పాను, లిఫ్టు సంగతితో సహా.

"ఎన్నో అంతస్తు సారూ?"

చెప్పాను. ఆమె తడి చేతి వేళ్ల కణుపుల మీద మూడు, ఆరు, తొమ్మిది అని మెల్లగా లెక్కపెట్టుకుంటూ పోయింది.

"ముప్పై తొమ్మిదిల ఆగుతది. ఒకటి దిగొస్తె అయిపాయె," అని మోకాలు ఒత్తుకుంది. "ఇంటికి పోయేటప్పుడే ఎక్కాలె."