ఫిలడెల్ఫియా అంటే పెన్ ఒక్కడేనా?

ఫిలడెల్ఫియా గురించి ఎవరు మొదలుపెట్టినా అదే పాట: 1682లో ఈ అమెరికా నగరాన్ని స్థాపించిన విలియం పెన్ అన్ని మతాలవాళ్లకూ చోటిచ్చాడు, అక్కడి మూలవాసులైన లెనాపేలతో స్నేహంగా ఉన్నాడు. నిజమే, కాదనను. కానీ అక్కడితో ఆపేస్తే ఒళ్లు మండుతుంది. ఆ పెన్ దగ్గరే బానిసలుండేవారు. 1737లో ఆయన కొడుకుల తరఫువాళ్లు, ఒకటిన్నర రోజులో మనిషి నడిచినంత నేల అని ఒప్పందం చూపించి, ముందే బాట చదును చేయించి, పరుగెత్తగలిగేవాళ్లను దింపి లెనాపేల భూమి కాజేశారు. 1838లో బానిసత్వ వ్యతిరేకుల సభామందిరాన్ని తెరిచిన వారంలోపే మూక తగలబెట్టింది. మంటలార్పేవాళ్లు పక్క భవనాలనే తడిపారు! 1985లో పోలీసులే హెలికాప్టర్ నుంచి ఓ ఇంటిమీద బాంబు వేస్తే 11 మంది చనిపోయారు, అందులో ఐదుగురు పిల్లలు. 61 ఇళ్లు బూడిదయ్యాయి. ఆ పిల్లలది ఆ ఊరు కాదా? వాళ్ల మాటెందుకు ఎత్తరు?