సవరణ: ప్రభుత్వ ఉద్యోగి రాసిన పుస్తకంపై హక్కు ఎవరిది?

ప్రభుత్వ ఉద్యోగులు రాసిన పుస్తకాలన్నీ ప్రభుత్వానివేనని, ఎవరైనా అచ్చేసుకోవచ్చని నిన్నటి పోస్టులో ఉన్న వాక్యాన్ని తీసేశాను. ఆ రెండు మాటలూ సరికావు.

తహసీల్దారు ఇంట్లో కూర్చుని రాసుకున్న నవల ఆయనదే. జీతం ప్రభుత్వం ఇస్తుందని నవల ప్రభుత్వానిది కాదు. ఆయన పోయిన తర్వాత కూడా 60 ఏళ్లు ఆ హక్కు వారసులకు ఉంటుంది. అదే ఉద్యోగి డ్యూటీలో భాగంగా జిల్లా గెజిటీర్ (జిల్లా వివరాలన్నీ ఉండే ప్రభుత్వ పుస్తకం) తయారుచేస్తే, వేరే ఒప్పందం లేకపోతే, 1957 కాపీరైట్ చట్టం 17వ సెక్షన్ ప్రకారం హక్కు ప్రభుత్వానిది. అప్పుడు గడువు లెక్క మారుతుంది: రచయిత మరణం నుంచి కాదు, పుస్తకం వెలువడిన మరుసటి ఏడాది నుంచి 60 ఏళ్లు. 1960లో వచ్చిన గెజిటీర్‌కు 2020 డిసెంబరు 31తో గడువు తీరింది. 1975లో వచ్చినదానికి ఇంకా ఉంది.

అసలు గందరగోళం అమెరికా నుంచి వచ్చింది. అక్కడ ఫెడరల్ ఉద్యోగులు విధుల్లో భాగంగా రాసినవాటికి దేశంలో కాపీరైట్ ఉండదు. మన దగ్గర అలాంటి నియమం లేదు. ప్రభుత్వ అధికారిక పత్రిక అయిన గెజిట్‌లో అచ్చయిన విషయం, కోర్టు తీర్పుల వంటివాటికి మాత్రం 52వ సెక్షన్ కొంత వెసులుబాటు ఇస్తుంది. పాత పుస్తకాలు స్కాన్ చేసి పెట్టే మిత్రులారా, దయచేసి ముందు అట్ట వెనక పేజీలో ప్రచురణకర్త ఎవరో, ఏ సంవత్సరమో చూడండి.