బాబ్ కేన్‌ను తిడితే సరిపోదు

బ్యాట్‌మ్యాన్ తొలి కథల రచయిత బిల్ ఫింగర్ పేరెత్తగానే కామిక్స్ అభిమానులు చిత్రకారుడు బాబ్ కేన్ మీద విరుచుకుపడతారు. స్నేహితుడి కష్టాన్ని తన పేరున రాయించుకున్నాడనీ, చచ్చేదాకా అతన్ని చీకట్లోనే ఉంచాడనీ. నిజమే, కేన్‌ను వెనకేసుకురావడానికి నా దగ్గర ఏమీ లేదు. కానీ ఈ తిట్ల పురాణం సందడిలో అసలు దోషి దర్జాగా తప్పించుకుపోతున్నాడు. 1939 నుంచి బ్యాట్‌మ్యాన్ మీద సంపాదిస్తున్నది డీసీ కామిక్స్ కంపెనీ. కథలు ఎవరు రాస్తున్నారో దానికి బాగా తెలుసు. అయినా సృష్టికర్తల వరుసలో ఫింగర్ పేరు చేర్చడానికి 2015 దాకా దానికి మనసొప్పలేదు.

కథ తెలిసిందే కాబట్టి క్లుప్తంగా చెబుతాను. ఫింగర్ 1914లో డెన్వర్‌లో పుట్టాడు, న్యూయార్క్‌లోని బ్రాంక్స్‌లో పెరిగాడు. చెప్పులమ్మే ఉద్యోగం చేస్తూ రచయిత కావాలని కలలు కంటున్న రోజుల్లో కేన్ పరిచయమయ్యాడు. సూపర్‌మ్యాన్ అమ్మకాలు చూసి పబ్లిషర్లు అలాంటి ఇంకో హీరో కోసం వెతుకుతున్న సమయమది. కేన్ ఒక బొమ్మ గీశాడు. ఎర్రటి బిగుతు దుస్తులు, కళ్ళ చుట్టూ మాత్రమే చిన్న ముసుగు, గ్లవ్స్ లేని చేతులు, వీపున కర్రల్లా బిగుసుకున్న రెండు రెక్కలు. కింద బ్యాట్‌మ్యాన్ అని పేరు.

ఫింగర్ అలమరలోంచి డిక్షనరీ తీశాడు. గబ్బిలం బొమ్మ వెతికి, ఆ చెవులు చూడమన్నాడు. ముఖం సగం కప్పే ముసుగు, దానికి నిక్కిన చెవులు, కంటిపాప కనిపించని తెల్లటి కళ్ళు, పరిగెత్తితే రెక్కలా విచ్చుకునే కేప్, చేతులకు గ్లవ్స్, ఎరుపు బదులు ముదురు రంగులు... అన్నీ అతను చెప్పినవే. స్కాట్లాండ్ రాజు రాబర్ట్ ద బ్రూస్ నుంచి ఒక ముక్క, అమెరికా విప్లవ సేనాని ఆంథొనీ వేన్ నుంచి ఒక ముక్క తీసుకుని ముసుగు వెనక మనిషికి బ్రూస్ వేన్ అని పేరు పెట్టాడు. ఫోన్ డైరెక్టరీ తిరగేస్తుంటే ఒక నగల దుకాణం పేరులో గోథమ్ కనిపించింది, బ్యాట్‌మ్యాన్ ఉండే ఊరికి పేరు దొరికింది. ఇవన్నీ తీసేసి చూడండి, కేన్ బొమ్మలో మిగిలేది పేరూ, ఆ కర్ర రెక్కలూ.

కేన్ తరఫున మాట్లాడేవాళ్ళూ ఉన్నారు. తొలి ఊహ అతనిదే, పబ్లిషర్ దగ్గరికి వెళ్ళి బేరమాడిందీ అతనే, ఫింగర్ చెప్పిన టైముకి స్క్రిప్ట్ ఇచ్చేవాడు కాదు, ఆ రోజుల పద్ధతే అంత అంటారు. ఇంకాస్త ముందుకెళ్ళి, ఫింగర్ రాసిన తొలి కథే షాడో అనే అప్పటి పత్రికల హీరో కథల్లో ఒకదాన్నుంచి ఎత్తినది కదా అంటారు. ఒప్పుకుంటాను, ఫింగరే ఆ మాట దాచలేదు. బ్యాట్‌మ్యాన్ విలన్ జోకర్ ముఖం కూడా ఒక పాత మూకీ సినిమాలో నటుడు కాన్రాడ్ వైట్ నవ్వు చూసి తీర్చిందే. కేన్ దగ్గర బొమ్మలు గీసిన జెర్రీ రాబిన్సన్ చేయీ అందులో ఉంది. అయితే ఇది కేన్‌కు పనికొచ్చే వాదన కాదు. ఇంతమంది కలిసి వండినదానికి ఒక్కడి పేరే ఎందుకుందన్నదే కదా మన ప్రశ్న!

ఎందుకంటే అలాగైతేనే కంపెనీకి సుఖం. సూపర్‌మ్యాన్‌ను 1938లో దాని సృష్టికర్తలు జెర్రీ సీగెల్, జో షుస్టర్ దగ్గర 130 డాలర్లకు కొనేసింది ఈ వ్యాపారమే. బ్యాట్‌మ్యాన్ విషయంలో కేన్ తెలివిగా తన ఒక్కడి పేరే ఉండేలా ఒప్పందం రాయించుకున్నాడు. కంపెనీకి అందులో నష్టమేముంది? ఎప్పుడు ఏ పేచీ వచ్చినా తేల్చుకోవాల్సింది ఒక్క మనిషితోనే. రాబిన్సన్, షెల్డన్ మోల్డాఫ్ లాంటివాళ్ళు బొమ్మలు గీసినా అచ్చయ్యేది కేన్ పేరే. ఫింగర్ సంగతి మాకు తెలియదని కంపెనీ అనడానికి వీల్లేదు. గ్రీన్ లాంటర్న్ అనే మరో హీరో తొలి కథలు మార్టిన్ నోడెల్ బొమ్మలకు అతనే రాశాడు. 1950లో లానా లాంగ్ అనే పాత్ర పుట్టిన సూపర్‌బాయ్ కథ డీసీ అతని చేతే రాయించుకుంది. పని కావాల్సినప్పుడు గుర్తొచ్చిన మనిషి, పేరు వేయాల్సినప్పుడు గుర్తుకు రాలేదన్నమాట.

1960ల చివర్లో డీసీలోని పాత రచయితలు కొందరు ఆరోగ్య బీమా లాంటి సౌకర్యాలు అడిగారు. వాళ్ళలో ఫింగర్ కూడా ఉన్నాడు. ఆ తర్వాత ఆర్నాల్డ్ డ్రేక్, గార్డ్నర్ ఫాక్స్ లాంటి చేయి తిరిగినవాళ్ళకే అక్కడ పని కరువైంది. ఇందులో కేన్ ప్రమేయం ఏముంది? 1974 జనవరిలో 59 ఏళ్ళకు ఫింగర్ తన అపార్ట్‌మెంట్‌లో చనిపోతే పత్రికల్లో సంస్మరణ కూడా రాలేదు. అంతకుముందు 1965లో అభిమానుల సమావేశంలో ఫింగర్ బ్యాట్‌మ్యాన్ సృష్టిలో తన వంతు గురించి నోరు విప్పితే, కేన్ భగ్గుమని బహిరంగ లేఖ రాశాడు. అదే కేన్ 1989లో, బ్యాట్‌మ్యాన్ సినిమా వచ్చిన ఏడాదే, తన ఆత్మకథలో బిల్‌కు రావాల్సిన గుర్తింపు రాలేదని ఒప్పుకున్నాడు. అప్పటికి ఫింగర్ పోయి పదిహేనేళ్ళు.

ఇక్కడే నాకు ఒళ్ళు మండే సంగతి ఇంకొకటుంది. ఫింగర్ గురించి రాసేవాళ్ళంతా అతని మొహమాటాన్ని, నెమ్మదితనాన్ని మురిసిపోతూ వర్ణిస్తారు. కళాకారుడు అణకువగా ఉండాలని మనందరికీ ఓ ముచ్చట. ఆ అణకువ వల్ల లాభపడేది మాత్రం యజమాని. సీగెల్‌ను చూడండి. సూపర్‌మ్యాన్ సినిమా తీస్తున్నారని తెలియగానే 1975లో పత్రికలకెక్కాడు, కంపెనీని శాపనార్థాలు పెట్టాడు, పరువు తీశాడు. చిత్రకారులు నీల్ ఆడమ్స్, రాబిన్సన్ అండగా నిలబడ్డారు. ఆ ఏడాది చివరికల్లా సీగెల్, షుస్టర్‌లకు చెరి ఏడాదికి 20,000 డాలర్ల పింఛను, మళ్ళీ కథల మీద పేర్లూ వచ్చాయి. కంపెనీ మనసు మారి ఇచ్చిందా? రచ్చకు భయపడి ఇచ్చింది. వాళ్ళకిచ్చిన ఆ 130 డాలర్లున్న చెక్కు కాగితం 2012 వేలంలో 160,000 డాలర్లు పలికింది.

చట్టం కాపాడుతుందనుకునేవాళ్ళు కాస్త ఆగాలి. అమ్మేసిన హక్కుల్ని కొన్నేళ్ళ తర్వాత వెనక్కి తీసుకునే దారి 1976 అమెరికా కాపీరైట్ చట్టంలో ఉంది. కానీ కూలికి చేసిన పని అని ముద్ర పడితే ఆ దారి మూసుకుపోతుంది. మార్వెల్ అనే మరో కామిక్స్ కంపెనీకి బొమ్మలు గీసిన జాక్ కిర్బీ వారసులు అక్కడే ఇరుక్కున్నారు. కింది కోర్టుల్లో ఓడిపోయి, సుప్రీంకోర్టు తలుపు తట్టాక, 2014లో మార్వెల్ రాజీకొచ్చింది. ఫింగర్ విషయంలోనూ మనవరాలు ఎథీనా, పరిశోధకుడు మార్క్ టైలర్ నోబుల్‌మన్ వెంటపడితేనే డీసీ కదిలింది. అప్పుడు కూడా కేన్ పేరు తర్వాతే చోటు, సహాయకుడి హోదాలో.

తొలి బ్యాట్‌మ్యాన్ కథ మీద కాపీరైట్ 2034తో ముగుస్తుంది. 2035 జనవరి 1 నుంచి ఆ తొలి రూపంతో ఎవరైనా కథ రాసుకోవచ్చు, బొమ్మ గీసుకోవచ్చు. కేన్‌కూ కంపెనీకీ మధ్య కుదిరిన ఒప్పందం వాళ్ళ చేతులు కట్టేయలేదు. మొదటి పేజీలో ముందు ఫింగర్ పేరు వేయమని, ఆ పని చేయబోయేవాళ్ళకు ఇప్పట్నుంచే చెబుతున్నాను.