యుద్ధనౌకలను నేరుగా గైడుకే అప్పగించాలి

ప్రపంచంలో ఇప్పటికీ యుద్ధనౌకలను యుద్ధం కోసమే కడుతున్నారని విన్నప్పుడల్లా నాకు జాలి వేస్తుంది. ఎంత ఉక్కు, ఎంత డబ్బు, ఎన్నేళ్ల శ్రమ! ఇంతా చేసి ఆ ఓడ చివరికి ఎక్కడికి చేరుతుందో అందరికీ తెలుసు. అదృష్టం ఉంటే మ్యూజియానికి, లేకపోతే తుక్కు కిందకు. ముప్పై నలభై ఏళ్లు ఉప్పునీళ్లలో నాని, తుప్పు గోకించుకుని, రంగులు వేయించుకుని, ఎలాగూ టికెట్ల కౌంటరు పక్కకే వచ్చి నిలబడాల్సిన దానికి మధ్యలో ఈ సముద్రయానం ఎందుకు? కట్టిన రోజే ఒడ్డున నిలబెట్టి, చేతిలో చిన్న జెండా ఉన్న గైడుకు అప్పగిస్తే పోలేదా? అన్ని దేశాల రక్షణ శాఖల దృష్టికి ఈ సంగతి తీసుకురావడమే ఈ వ్యాసం ఉద్దేశం. నవ్వులాటకు చెప్పడం లేదు, ఆధారాలున్నాయి.

మొదటిది స్వీడన్‌ది. అక్కడి రాజు గుస్తావ్ అడాల్ఫ్ 64 ఫిరంగులతో ‘వాసా’ అనే ఓడను కట్టించాడు. ఒకటికి రెండు అంతస్తుల నిండా ఫిరంగులు, వెనుక భాగమంతా చెక్కుడు బొమ్మలు, సింహాలు, రంగులు. బయలుదేరే ముందు ఒక చిన్న పరీక్ష పెట్టారు. 30 మంది నావికులను డెక్కు మీద ఈ వైపు నుంచి ఆ వైపుకు పరుగెత్తమన్నారు. మూడుసార్లు పరుగెత్తేసరికి ఓడ ప్రమాదకరంగా ఊగిపోయింది. వెంటనే పరీక్షను ఆపేశారు. ఓడను మాత్రం ఆపలేదు. రాజుగారు తొందరపడుతున్నారు మరి. 1628 ఆగస్టు 10న స్టాక్‌హోం రేవులో తెరచాపలు విప్పారు. సుమారు 1300 మీటర్లు వెళ్లింది. గాలి కాస్త విసిరింది, ఓడ ఒరిగింది, ఫిరంగుల కోసం తెరిచి ఉంచిన కిటికీల్లోంచి నీళ్లు వచ్చాయి. అంతే. ఊరంతా ఒడ్డున నిలబడి చూస్తుండగానే మునిగిపోయింది. సుమారు 30 మంది ప్రాణాలు పోయాయి. విచారణ జరిగింది. కొలతలేమో సాక్షాత్తూ రాజు ఆమోదించినవి, కట్టిన మేస్త్రీ అంతకు ముందు ఏడాదే కాలం చేశాడు. చివరకు ఎవరి తప్పూ లేదని తేలింది. విచారణ సంఘాల చరిత్రను ఎవరైనా రాస్తే మొదటి అధ్యాయం ఇదే కావాలని నా కోరిక.

సరే, అసలు సంగతికి వస్తాను. బాల్టిక్ సముద్రంలో ఉప్పు తక్కువ. ఓడల కలపను తొలిచి తినే పురుగు అక్కడ బతకలేదు. అందువల్ల 333 ఏళ్లు అడుగున పడి ఉన్నా చెక్క చెక్కుచెదరలేదు. 1961లో పైకి తీశారు. దానికోసమే 1990లో ఒక మ్యూజియం తెరిచారు. ఇప్పుడు మామూలు ఏడాదిలో పది లక్షల మందికి పైగా జనం వచ్చి చూస్తున్నారు. ఆ కాలంలో అదే దేశం కట్టిన మిగతా యుద్ధనౌకలు బుద్ధిగా తేలి, బుద్ధిగా పోరాడి, ముసలివై పోయాయి. వాటిలో ఒక్కదాని పేరైనా చెప్పగల పర్యాటకుడిని చూపించండి. శత్రువు మొహం చూడకుండా మునిగినదానికి అంత వైభవం! ఓడ ఎంత తక్కువ దూరం ప్రయాణిస్తే మ్యూజియంగా అంత బాగా రాణిస్తుందన్న సూత్రం దీన్నుంచే తీశాను. 1300 మీటర్లకే ఇంత పేరొస్తే, అసలు కదలని ఓడకు ఎంత రావాలో లెక్క వేసుకోండి.

యుద్ధనౌకను మ్యూజియంగా మార్చి ప్రపంచశాంతిని సాధించడం నా సొంత ఊహ కూడా కాదు. దీనికి అంతర్జాతీయ ఒప్పందంలోనే దారి ఉంది. జపాన్ నౌక ‘మికాసా’ 1905లో సుషిమా యుద్ధంలో అడ్మిరల్ టోగోకు పతాక నౌక, అంటే ఆయన ఎక్కి దళాన్ని నడిపిన ఓడ. రష్యా నౌకాదళాన్ని చిత్తుగా ఓడించిన యుద్ధం అది. తర్వాత పెద్ద దేశాలన్నీ ఎడాపెడా యుద్ధనౌకలు కట్టుకుంటూ పోయి, ఖర్చు చూసి బెదిరి, 1922లో వాషింగ్టన్‌లో కూర్చుని ఎవరి దగ్గర ఎన్ని ఉండాలో పంచుకున్నాయి. ఆ లెక్కలో మికాసా తుక్కుకు పోవాలి. జ్ఞాపకంగా ఉంచుకుంటామని జపాన్ అడిగింది. ఉంచుకోండి కానీ అది మళ్లీ సముద్రంలోకి దిగకూడదన్నాయి మిగతా దేశాలు. దాంతో యొకొసుకాలో ఓడ అడుగుభాగానికి చుట్టూ కాంక్రీటు పోశారు. దౌత్య చరిత్రలో ఇంత నిజాయితీ గల షరతు నాకు మరొకటి కనబడలేదు. సంతకాలను నమ్మలేదు, సిమెంటును నమ్మారు. ఆ ఒప్పందంలో కాగితం మీద ఉన్నదంతా రెండో ప్రపంచ యుద్ధానికి ముందే చిరిగిపోయింది. సిమెంటు మాత్రం ఇప్పటికీ ఉంది.

ఆ యుద్ధంలో జపాన్ ఓడిన తర్వాత మికాసా మీది ఫిరంగులను ఊడదీశారు. కొన్నాళ్లు దాని మీద చేపల ప్రదర్శనశాల, నృత్యశాల నడిచాయి. కొందరు దీన్ని అవమానమన్నారు. నాకైతే ఒక యుద్ధనౌకకు అంతకన్నా గౌరవప్రదమైన ఉద్యోగం తోచడం లేదు. మళ్లీ బాగుచేసి 1961లో, అంటే వాసా పైకి తేలిన ఏడాదే, తిరిగి తెరిచారు. పసిఫిక్‌లో జపాన్‌తో పోరాడిన అమెరికా అడ్మిరల్ నిమిట్జ్ కూడా ఆ పనికి అండగా నిలిచాడు. ఎదుటివాడి ఓడ మ్యూజియమైతే ఎవరికి సంతోషం ఉండదు!

ఇక ఇంగ్లండ్‌లో అడ్మిరల్ నెల్సన్ ప్రాణం విడిచిన ఓడ ‘విక్టరీ’ ఉంది. 1805 ట్రఫాల్గర్ యుద్ధంలో పాల్గొన్న ఈ ఓడ 1922 నుంచి పోర్ట్స్‌మత్‌లో నీళ్లు లేని గుంటలోనే నిలబడింది. అయినా నౌకాదళం జాబితాలో అది ఇంకా సర్వీసులో ఉన్న ఓడే. హోదా ఉంది, నీళ్లు లేవు. లండన్‌లో థేమ్స్ నది మీద ‘బెల్‌ఫాస్ట్’ అనే మరో యుద్ధనౌక ఉంది. దాని ముందు ఫిరంగులను ఎటు గురిపెట్టి ఉంచారో తెలుసా? సుమారు 20 కిలోమీటర్ల దూరంలో హైవే పక్కన బస్సులు, కార్లు ఆగి జనం టీ తాగే ఒక విడిది మీదకు. ఆ ఫిరంగుల గుండు ఎంత దూరం పోతుందో జనానికి అర్థం కావడానికట. టూరు బస్సుల్లో తిరిగే జాతికి అంతకంటే స్పష్టమైన హెచ్చరిక ఉండదు: టీ దగ్గర ఎక్కువసేపు కూర్చోవద్దు.

మన విశాఖపట్నం జలాంతర్గామి ‘కురుసుర’ సంగతి మరీ విచిత్రం. 1969 నుంచి 2001 వరకు ఎవరికీ కనబడకుండా ఉండటమే దాని ఉద్యోగం. ఉద్యోగ విరమణ తర్వాత 2002లో తీసుకొచ్చి బీచి రోడ్డు పక్కన, ఎంత ప్రయత్నించినా కనబడకుండా ఉండలేని చోట పెట్టారు. సుమారు 91 మీటర్ల ఇనుప గొట్టంలో డెబ్బై మందికి పైగా మనుషులు వారాల తరబడి స్నానపు నీళ్లకు కూడా రేషను పెట్టుకుని బతికారని అక్కడి గైడు చెబుతాడు. ఆయన స్వయంగా నౌకాదళంలో పనిచేసి వచ్చినవాడు. మనం గుండ్రటి తలుపుల్లోంచి వంగి వంగి పది నిమిషాల్లో ఆ చివర తేలి, ఏసీ సరిగ్గా లేదని ఆయనకే ఫిర్యాదు చేస్తాం. శత్రు విమానాలకు వెరవని ఆ మనిషి ఈ మాటకు మాత్రం తల దించుకోవడం ఎవరైనా చూడవచ్చు.

ఇంతకీ గైడుకే ఎందుకు అప్పగించాలంటే, నౌకాదళంలో అడ్మిరల్‌కు లేని అధికారం ఆయనకు ఉంది. అడ్మిరల్ ఆజ్ఞాపిస్తే నావికులు కదులుతారు, దానికి వాళ్లకు జీతం ఇస్తారు. గైడు ఆజ్ఞాపిస్తే కదలడానికి మనం ఎదురు డబ్బు కడతాం. ఆయన చెప్పే వివరాలు కూడా ఎంచక్కా యుద్ధ ప్రసక్తి లేనివి: పొడవెంత, బరువెంత, ఉక్కెంత, ఫొటో ఎక్కడ నిలబడితే బాగా వస్తుంది. ఈ ఫిరంగి ఎవరి మీద పేలింది, అవతల ఎవరు పోయారు అన్న అనవసరపు విషయాల్లోకి ఆయన వెళ్లడు, మనమూ వెళ్లనివ్వం. గుంపులో ఒక పెద్దాయన తప్పకుండా ‘ఇది ఇప్పుడు పేలుతుందా?’ అని అడుగుతాడు. పేలదు అనగానే ఆయన మొహంలో కలిగే నిరాశను నిరాయుధీకరణ నిపుణులు అధ్యయనం చేయాలి. ‘నావికులు బాత్రూముకు ఎక్కడికి వెళ్లేవారు?’ అని ఒక పిల్లవాడు అడుగుతాడు. మొత్తం టూరులో పనికొచ్చే ప్రశ్న అదొక్కటే. తెరచాప ఓడల్లో మామూలు నావికులు ఓడ ముక్కు దగ్గర, అలల మీదుగా, రంధ్రం ఉన్న బల్ల మీద కూర్చునేవారు. ఆ సమాధానం చెప్పేలోపే విజిల్ మోగుతుంది.

బయటికి పోయే దారి బొమ్మల దుకాణంలోంచే ఉంటుంది. ప్రపంచ నౌకా యుద్ధాల్లో ఇంత పకడ్బందీ దిగ్బంధం ఎవరూ చేయలేకపోయారు. టార్పెడో ఆకారపు తాళంచెవి గొలుసు కొనకుండా దాటినవాళ్లను నేను చూడలేదు.

టూరులో తరువాతి అంశం సుందర సాగరతీరం. ఇక్కడ ఒక మాట చెప్పాలి. పర్యాటకుడికి నచ్చే తీరానికీ నావికుడికి నచ్చే తీరానికీ ఏనాడూ పొసగలేదు. నిటారు కొండచరియలు, నీళ్లలోంచి పొడుచుకొచ్చిన రాళ్లు, వాటి మీద పగిలే అలలు, కమ్ముకునే పొగమంచు: మనం దేన్ని చూసి ఆహా అంటామో దానికి వాళ్లు దూరం నుంచే దండం పెట్టి తప్పుకునేవారు. నావికుడి దృష్టిలో అందమైన తీరమంటే అలలు లేనిది, లోతైనది, చూడటానికి ఏమీ లేనిది. అటు ఏ టూరు బస్సూ పోదు.

ఇంగ్లండ్ నైరుతి కొసన సిల్లీ దీవులున్నాయి. పడవ మీద తిప్పి చూపిస్తారు, చాలా బాగుంటాయంటారు. 1707 అక్టోబరులో అడ్మిరల్ క్లౌడెస్లీ షోవెల్ దళం ఇంటికి తిరిగి వస్తూ, తానెక్కడున్నదీ సరిగ్గా తెలియక, ఆ అందమైన రాళ్ల మీదకే వచ్చింది. నాలుగు ఓడలు పోయాయి. అడ్మిరల్‌తో సహా 1400 మందికి పైగా చనిపోయారు. సముద్రం మీద తూర్పు పడమరల లెక్క, అంటే రేఖాంశం, తేల్చే పద్ధతి చెప్పినవారికి 20,000 పౌన్ల దాకా బహుమతి ఇస్తామని 1714లో బ్రిటిష్ పార్లమెంటు ప్రకటించింది. జాన్ హారిసన్ అనే వడ్రంగి దశాబ్దాలు కష్టపడి, ఓడ ఎంత ఊగినా టైము తప్పని గడియారాన్ని తయారు చేశాడు. బయలుదేరిన రేవులో ఇప్పుడు ఎంత టైము అయిందో తెలిస్తే, నెత్తిన సూర్యుణ్ని చూసి మనం ఎక్కడున్నామో చెప్పవచ్చు.

హారిసన్ విద్యను ఈనాటికీ నిలబెడుతున్నది గైడు ఒక్కడే. ఆయన కిటికీలోంచి బయటికి చూడడు, చేతి గడియారాన్నే చూస్తాడు. పదకొండున్నర అయితే లైట్‌హౌసు దగ్గర ఉన్నాం, పన్నెండుంబావు అయితే కొండ అంచున ఉన్నాం. కొండ అంచున మనకు ఇరవై నిమిషాలు. అందులో పదిహేను నిమిషాలు అందరూ సముద్రానికి వీపు పెట్టి ఫోనులకు మొహాలు చూపిస్తారు. మిగతా ఐదు నిమిషాలు టోపీ ఎగిరిపోయినవాళ్లవి.

నా ప్రతిపాదనకు ఒక్క అభ్యంతరం రావచ్చు: మనం ఓడలన్నీ గైడులకు ఇచ్చేశాక శత్రువు ఇవ్వకపోతే? దానికీ ఆలోచించాను. శత్రువును కూడా అదే టూరుకు పంపాలి, బృందానికి రాయితీ ఇవ్వాలి. ఒకే రోజులో రెండు మ్యూజియాలు, ఒక జలాంతర్గామి, ఒక లైట్‌హౌసు మెట్లు, ఒక బొమ్మల దుకాణం చూశాక యుద్ధం చేసే ఓపిక మనిషన్నవాడికి మిగలదు. కొత్త ఒప్పందం ముసాయిదా కూడా సిద్ధం చేశాను. అందులో ఆయుధాల గురించి ఒక్క ముక్క లేదు. ఉన్నది ఒకే నిబంధన: ఉభయ పక్షాల అడ్మిరల్స్ సాయంత్రం నాలుగుంబావుకల్లా బస్సులో కూర్చోవాలి, రానివారి కోసం బస్సు ఆగదు, మధ్యాహ్న భోజనం చార్జీలు అదనం.