డీవీడీని 1080పీకి పెంచడం దండగ

పెళ్లి డీవీడీలను 1080పీకి (1920×1080 హెచ్‌డీ చిత్రానికి) మార్చి దాచుకోమని ఒక వ్యాసంలో రాశారు. వద్దండీ. మన దగ్గర డిస్కుల్లో ఉండేది పాల్ అనే టీవీ పద్ధతి, 720×576 చుక్కల చిత్రమే. పెంచితే ఫైలు బరువెక్కుతుంది గానీ స్పష్టత రాదు. మేక్‌ఎంకేవీ అనే సాఫ్ట్‌వేర్‌తో తీస్తే డిస్కులోని ఎంపెగ్-2 రకం వీడియో, ఆడియో ఉన్నవి ఉన్నట్టే ఎంకేవీ అనే రకం ఫైల్లోకి వస్తాయి. సింగిల్ లేయర్ (ఒకే పొర) డిస్కయితే 4.7 జీబీ దాటదు. దాచాల్సింది ఆ ఫైలే.

ఫోన్లో చూడ్డానికి వీడియోను మార్చే హ్యాండ్‌బ్రేక్ సాఫ్ట్‌వేర్‌లో ఎక్స్264 ఎన్‌కోడర్, ఆర్ఎఫ్ (నాణ్యతను నిర్ణయించే అంకె) 18-20 చాలు. డీఇంటర్‌లేస్ (గీత విడిచి గీతగా ఉన్న చిత్రాన్ని పూర్తి ఫ్రేముగా మార్చడం) మాత్రం మరవొద్దు. లేకుంటే తలంబ్రాలు పోసే చేతుల అంచుల్లో దువ్వెన పళ్లలాంటి గీతలొస్తాయి.

ఇంకోటి, అనంతపురం ఎండలకు రైటర్‌లో రాసిన డిస్కుల డై పొర (డేటా నిలిచే రంగు పూత) త్వరగా చెడుతుంది. కాపీ మధ్యలో ఆగిపోతే చెడిన డిస్కుల నుంచి డేటా తీసే డీడీరెస్క్యూ సాఫ్ట్‌వేర్‌తో ముందు ఐఎస్ఓ (డిస్కు మొత్తానికి నకలు ఫైలు) తీయండి. తర్వాత డిస్కును వేరే డ్రైవులో పెట్టి, అదే మ్యాప్ ఫైలుతో (ఏ భాగాలు చదవగలిగిందో డీడీరెస్క్యూ రాసుకునే ఫైలు) మళ్లీ నడపండి. ఒక డ్రైవు చదవలేని సెక్టార్లను (డిస్కులోని చిన్న భాగాలను) ఇంకోటి చాలాసార్లు చదువుతుంది.