అందరికీ మిలటరీ, మావాడికి తప్ప

"కుర్రాళ్లందరికీ రెండేళ్లు మిలటరీ కంపల్సరీ చేస్తే గానీ ఈ దేశం బాగుపడదండీ!" ప్రతి ఆగస్టు 15కీ మా అపార్ట్‌మెంట్ అధ్యక్షులవారు సెలవిచ్చే మాట ఇది. మొన్నా సెలవిచ్చారు. నా సంపూర్ణ మద్దతు. అమలులోనే చిన్న చిక్కు. వారి అబ్బాయి డాలస్‌లో ఉన్నాడు. దేశం కోసం ప్రాణమిస్తాడు, కాకపోతే గ్రీన్‌కార్డు వచ్చాక. కోశాధికారిగారి వాడికి దుమ్ము పడదు. కార్యదర్శిగారి వాడు లేచేసరికి పదకొండు దాటుతుంది, శత్రువే కాస్త సర్దుకోవాలి.

మరి వెళ్లేదెవరు? జెండా మడతలో పూలరేకులు సర్ది, తాడు అధ్యక్షులవారి చేతికిచ్చి వెనక్కి తగ్గాడే, గేటు దగ్గరి సెక్యూరిటీ ఆయన, మాజీ హవల్దారు. ఆయన ఎప్పుడో వెళ్లొచ్చాడు. అధ్యక్షులవారు తాడు లాగారు. జెండా విచ్చుకోలేదు. కోశాధికారి లాగారు. కార్యదర్శి యూట్యూబ్‌లో వెతికారు. ఈలోగా స్పీకర్లో జాతీయగీతం అయిపోతే మళ్లీ పెట్టారు. జనం మళ్లీ అటెన్షన్. హవల్దారు వచ్చి, ముడి వదులు చేసి, తాడు మళ్లీ వారికే అందించాడు. పూలు రాలాయి. ఫొటోకి అడ్డొస్తున్నావు, జరగవయ్యా అన్నారు. జరిగాడు. ఆపైన క్రమశిక్షణ మీద అరగంట ఉపన్యాసం. లడ్డూల డబ్బాలు పదో అంతస్తుకి మోసిందీ ఆయనే, సర్వీస్ లిఫ్టులో. (మామూలు లిఫ్టు ఓనర్లకే. బోర్డు కూడా ఉంది.)

"మిలటరీ సంబంధమా? పిల్ల ఒంటరిదైపోదూ!" అన్నదీ ఈ దేశభక్తులే.

2022లో అగ్నిపథ్ వచ్చింది. పదిహేడున్నరేళ్లకే సైన్యంలోకి తీసుకుని, నాలుగేళ్లయ్యాక నూటికి పాతికమందికి మించకుండా ఉంచుకుని, మిగతావాళ్లని సుమారు 11.71 లక్షలిచ్చి ఇంటికి పంపే పథకం. అందులోనూ సగం వాళ్ల జీతంలో కోసిందే. పింఛను లేదు, గ్రాట్యుటీ లేదు. ఆ జూన్‌లో ఈ పథకం వద్దంటూ సికింద్రాబాద్ స్టేషన్లో జరిగిన గొడవలో పోలీసు కాల్పులకి వరంగల్ జిల్లా కుర్రాడొకడు చచ్చిపోతే, మా అపార్ట్‌మెంట్ పెద్దలు టీవీ ముందు కూచుని "డిసిప్లిన్ లేని వెధవలు" అన్నారు. అదే నెలలో బీజేపీ నేత కైలాష్ విజయవర్గీయ, పార్టీ ఆఫీసు సెక్యూరిటీ ఉద్యోగాల్లో ఈ పథకంలో చేరిన అగ్నివీరులకే ప్రాధాన్యమిస్తానన్నారు. ఆయన నయం, మనసులో మాట దాచుకోలేదు.

సిగ్గుండాలి! పదిహేనేళ్లు మంచులో, ఇసుకలో నిలబడ్డవాడి పింఛను దేశానికి భారమట. ఎవడి కొడుకునో పంపడం, తిరిగొస్తే గేటు దగ్గర నిలబెట్టడం, రాకపోతే వాట్సాప్‌లో జోహార్లు పెట్టి బిర్యానీకి కూచోవడం. ఇదీ మన దేశభక్తి.

వచ్చే మీటింగులో నేనో తీర్మానం పెడుతున్నాను: కంపల్సరీ మిలటరీ మా బ్లాకు నుంచే మొదలు. మొదటి సంతకం అధ్యక్షులవారిని అడిగాను. అబ్బాయితో మాట్లాడి చెబుతామన్నారు. అక్కడ ఇప్పుడు రాత్రట.